పెదవికీ మాటకీ పొత్తు కుదరరాదు

చైనా యుద్ధవిద్యల సినిమాను బతికించే బాధ్యత మన రాష్ట్రం మీద పడడానికి కారణం రొయ్యలు.

మన రొయ్యలు కొనడానికి చైనాలోని ఒక రేవు పట్టణంతో ఒప్పందం కుదిరింది. అందులో ఎనిమిది షరతులు రొయ్య సైజు గురించి, ఐసు గురించి, పెట్టెల గురించి. ఒప్పందమన్నాక కాస్త సంస్కృతి కూడా ఉంటే బాగుంటుందని ఎవరో పెద్దమనిషి గుర్తు చేస్తే, చివర్లో తొమ్మిదో షరతు చేర్చారు. "ఇరుపక్షములు పరస్పర చలనచిత్ర సంప్రదాయముల పునరుజ్జీవనమునకు కృషి చేయవలెను." అవతలివాళ్లు ఆ వాక్యం చదివి, టీ తాగి, వెళ్లిపోయారు. మనవాళ్లు అలా వదిలేసే రకం కాదు. చైనా ఫైటింగు సినిమా నిజంగా చచ్చిపోయిందా, మూర్ఛపోయిందా, నిక్షేపంగా తిరుగుతోందా అని ఒక్కరూ విచారించలేదు. పునరుజ్జీవనం అని కాగితం మీద ఉంది కాబట్టి ప్రాణం పోయినట్టే లెక్క. ఎద్దు ఈనిందంటే దూడని గాటన కట్టెయ్యమన్నట్టు, బెజవాడలో ఒక మేడ అద్దెకు తీసుకుని "చైనా యుద్ధవిద్యా చలనచిత్ర పునరుజ్జీవన మండలి" అని బోర్డు కట్టేశారు. మార్చి నెలాఖరులోగా ఒక సినిమా తీసి ప్రాణం పోసి, పోసినట్టు ధ్రువపత్రం దాఖలు చెయ్యాలి.

మండలికి అధ్యక్షుడు ఏకాంబరం గారు. ఆయనకి ఐసు ఫ్యాక్టరీ ఉంది, రొయ్యలకీ ఐసుకీ ఉన్న బంధుత్వం వల్ల ఈ పదవి వచ్చింది. సంయుక్త సంచాలకులు ఉమాకాంతం గారిని తూనికలు, కొలతల శాఖ నుంచి బదిలీ మీద తెచ్చారు. ఆయన ఏ వస్తువునైనా ముందు కొలిచి తర్వాత చూస్తారు. ఈ ఇద్దరి కింద ఒక నిపుణుల సంఘం. వీళ్లందరికీ ఒక రచయిత కావాలి. చైనా సినిమాకి రాసిన అనుభవం ఉండాలి, తెలుగువాడై ఉండాలి, బతికి ఉండాలి. వెతగ్గా వెతగ్గా తెనాలిలో పానకాలరావు దొరికాడు.

చిట్టూరి పానకాలరావు మద్రాసులో పాతికేళ్లు చైనా ఫైటింగు సినిమాలకి తెలుగు మాటలు రాశాడు. ఆ పని చూసినవాళ్లకి గానీ తెలియదు. చైనావాడు తెర మీద నోరు తెరుస్తాడు, మూస్తాడు. ఏమన్నాడో ఎవరికీ తెలియదు. వాడి పెదవులు మూతపడిన చోటల్లా మన మాటలో ప, బ, మ లాంటి అక్షరం పడాలి, తెరుచుకున్న చోట పడకూడదు. కథ తెలిసేలా ఉండాలి, వాడి నోరు ఆగేసరికి మన వాక్యం కూడా ఆగాలి. పానకాలరావు దీంట్లో ఆరితేరిన మనిషి. పెళ్లిచూపుల్లో పిల్ల పేరు భ్రమరాంబ అని చెప్పగానే, "పేరులోనే మూడు మూతలున్నాయి" అని ఒప్పేసుకున్నాడు. ఆ మాటకి అర్థం ఆవిడకి పెళ్లయిన ఏడాదికి గాని తెలియలేదు.

ఒకసారి ఒక సినిమాలో ముసలి గురువు శత్రువుని ఎదురుగా నిలబెట్టి, గడ్డం దువ్వుకుంటూ ఏదో అన్నాడు. మూడుచోట్ల పెదవులు మూశాడు. పొద్దుటి నుంచి ఎన్ని రాసినా కుదరలేదు. మధ్యాహ్నం దాటాక భ్రమరాంబ స్టూడియోకి ఫోను చేసి, ఎప్పుడూ అడిగే మాటే అడిగింది. ఆ మాటకే చివర బాబూ తగిలించి రాసేశాడు. "భోంచేశావా బాబూ?" అచ్చు గుద్దినట్టు కుదిరింది. చంపబోయే ముందు గురువు అలా అడిగేసరికి హాళ్లలో జనం వెర్రెత్తిపోయారు. ఆ తర్వాత వచ్చిన ప్రతి చైనా సినిమాలోనూ ఎవరో ఒక ముసలాయన చేత ఆ మాట అనిపించాల్సి వచ్చింది. రిక్షావాళ్లు కొట్టుకునే ముందు కూడా అదే అనేవారు.

ఇంత చేసినా పానకాలరావు పేరు తెర మీద ఒక్కసారీ పడలేదు. మళ్లీ తెలుగులో పేర్లు వేయించడం దండగని, ఆ సినిమాలు తెచ్చిన వ్యాపారులు అసలు ప్రింటులో ఉన్న చైనా అక్షరాలనే నడిపించేసేవారు. అయినా భ్రమరాంబ ప్రతి సినిమాకీ మొదటాట వెళ్లి, ఆ అక్షరాల మధ్య మొగుడి పేరు వెతుక్కుని తిరిగొచ్చేది. దానికి తోడు ఆవిడ చెల్లెలి మొగుడు శరభయ్య ఒకడు. ఊళ్లో చిన్న డాక్టరు. తెనాలి వీరభద్రా టాకీసులో ఆయన సినిమా చూస్తుండగా ఎవరికో నొప్పులొస్తే, "డాక్టరు శరభయ్య గారు వెంటనే ఇంటికి రావలెను" అని మసి పూసిన గాజుపలక మీద గీకి తెర మీద స్లైడు వేశారు. అది మొదలు ఆయన ఏ పెళ్లికి వెళ్లినా, "ఈ ఇంట్లో తెర మీద పేరు పడ్డవాణ్ని నేనొక్కణ్ణే" అని అంటూనే ఉన్నాడు. పానకాలరావు నవ్వేసి ఊరుకునేవాడు. భ్రమరాంబకి మాత్రం ఆ పెళ్లిభోజనం సహించేది కాదు.

అందుకే మండలి నుంచి పిలుపు వచ్చినప్పుడు ఆవిడ అడిగింది ఒక్కటే.

"ఈసారన్నా పేరు పడుద్దంటారా?"

"వేస్తామనే చెప్తున్నారు."

"అయితే ఏం రాయమంటే అది రాయండి. ఎదురు చెప్పమాకండి."

పానకాలరావు బెజవాడ వెళ్లాడు. ఏకాంబరం గారు కుర్చీలోంచి లేచి మరీ చెయ్యి పట్టుకున్నారు.

"మీరేనా పంతులుగారూ, భోంచేశావా బాబూ రాసింది. చిన్నప్పుడు గోడ దూకి చూసినోణ్ణండీ నేను. చైనా సినిమాల్లో నేను చూడంది లేదు. అన్నీ తెలుగులోనే చూశాననుకోండి."

నిపుణుల సంఘం సభ్యులు కూడా అంతే. చైనా సినిమాను చైనా భాషలో చూసినవాడు అందులో ఒక్కడూ లేడు. అందరూ చూసింది డొక్కు హాళ్లలో, అరిగిపోయిన ప్రింట్లలో. సౌండు ఒక దారిన, బొమ్మ ఒక దారిన పోయేది. నటుడు నోరు మూసేశాక మాట వినిపించేది. "చైనావోళ్లకి ముందు నోరు కదిలి తర్వాత మాటొచ్చుద్దనుకునేవాణ్ణండీ నేను," అని అధ్యక్షులవారు ముచ్చటగా చెప్పారు.

పానకాలరావుకి ప్రాణం చివుక్కుమంది. "అది హాలువాళ్లు ప్రింటు సరిగ్గా ఎక్కించక అట్టా అయ్యేదండీ. నేను రాసింది కలిసేది."

ఉమాకాంతం గారు కలం ఎత్తి పట్టుకున్నారు. "కలిసేదన్న విషయం మీరు నోటిమాటగా చెప్పారు గనుక ఈసారికి విననట్టు భావిస్తాను. దయచేసి లిఖితపూర్వకంగా పెట్టకండి."

ఎందుకంటే అప్పటికే నిపుణుల నివేదిక వచ్చేసింది. సంఘం ఏకగ్రీవంగా నిర్ధారించినదేమనగా, చైనా యుద్ధవిద్యా చలనచిత్రమునకు ప్రాణభూతమైన లక్షణము ఓష్ఠవాగ్విసంవాదము. అనగా పాత్రధారి పెదవి ఒకటి పలుకుచుండగా ప్రేక్షకుని చెవికి వేరొకటి వినిపించుట. ఈ లక్షణము లోపించినచో అది చైనా చిత్రమనిపించుకొనదు. కావున మండలి నిర్మించు చిత్రమునందు పెదవికిని మాటకును ఏ సందర్భమునందును పొత్తు కుదరరాదు.

పాతికేళ్లు పెదవినీ మాటనూ కలపడానికి కళ్లు కాయలు కాచేలా తెర వంక చూసిన మనిషిని, ఇప్పుడు వాటిని విడదీయమన్నారు. మూలవిరాట్టుకి నామం వంకర పెట్టమంటే పూజారికి ఎలా ఉంటుందో పానకాలరావుకి అలా ఉంది. కానీ ఒప్పంద పత్రంలో "రచయిత పేరు తెరపై వేయబడును" అని ఉంది. సంతకం పెట్టాడు.

మొదటి సమావేశంలోనే చిక్కు వచ్చి పడింది. తెలుగు నటుడు తెలుగులో మాట్లాడితే పెదవీ మాటా కలిసిపోతాయి కదా.

"అయితే నటుల చేత షూటింగులో ఎక్కాలు చెప్పించి, తర్వాత డైలాగు చెప్పిద్దామండీ," అన్నాడు పానకాలరావు.

"ఎక్కాలు విద్యాశాఖ పరిధిలోనివి," అన్నారు ఉమాకాంతం గారు.

"పోనీ నాలుగు చైనా ముక్కలు నేర్పి పెదవులతో అవి అనిపిద్దాం."

"వీలుపడదు. అధికార భాషా నిబంధన ఉంది. ప్రభుత్వ నిధులతో కదిలే ప్రతి పెదవీ తెలుగులోనే కదలాలి."

చర్చించి చర్చించి తేల్చిందేమిటంటే, సినిమాకి రెండు స్క్రిప్టులుండాలి. ఒకటి పెదవి ప్రతి, రెండోది చెవి ప్రతి. రెండూ తెలుగులోనే. రెండూ విడివిడిగా ఆమోదం పొందాలి, ఒకదాన్ని ఆమోదించే అధికారి రెండోదాన్ని చూడకూడదు. చూస్తే కలిపేస్తాడేమోనని భయం.

ఇంటికొచ్చి పానకాలరావు కూర్చున్నాడు. చెవి ప్రతిలో హీరో విలనుతో, "మా బాబాయిని చంపిన పాపాత్ముడా, పాముని చంపినట్టు చంపుతాను" అంటాడు. పెదవులు పదేపదే మూతపడాల్సిన మాట. మరి పెదవి ప్రతిలో ఒక్కసారి కూడా మూతపడకూడదు. చాలాసేపు ఆలోచించి రాశాడు. "ఇటు రారా, ఇదిగో, కాసిని నీళ్లు తాగి ఆ నీడలో కూచో."

భ్రమరాంబ రెండు ప్రతులూ పక్కపక్కన పెట్టి చదివింది.

"నాకీ పెదవుల సినిమానే బాగుందండీ. కొట్లాటే లేదు. వచ్చినోడికల్లా మంచినీళ్లిస్తన్నాడు."

నిజమే. వినపడనివాళ్లెవరైనా చూస్తే అది చక్కటి కుటుంబ చిత్రం. పెదవి ప్రతిని ఆమోదించిన అధికారి కూడా, ఇంత శాంతం ఈ రోజుల్లో అరుదు అని పక్కన రాశాడు. చెవి ప్రతిని చూసిన అధికారి హింస మితిమీరిందని రెండుసార్లు వాపసు చేసి, మూడోసారి ఆమోదించాడు. ఇద్దరూ ఒకే గదిలో ఎదురుబొదురుగా కూర్చునేవాళ్లే. నిబంధన ప్రకారం ఆ సంగతి ఒకరితో ఒకరు అనుకోలేదు.

హీరోగా చీరాలలో కరాటే నేర్పే జోజిబాబుని పెట్టారు. మంచివాడు, చెప్పినట్టు వింటాడు. మూడో రోజు షూటింగులో వాడి మోకాలి మీద కర్ర నిజంగానే తగిలింది. "అమ్మా" అన్నాడు. ఆ చోట చెవి ప్రతిలో కూడా "అమ్మా" అనే ఉంది.

ఉమాకాంతం గారు స్టాపువాచీ నొక్కి షూటింగు ఆపించారు. "పెదవి ప్రతిలో ఇక్కడ ఏముంది?"

"ఇలా ఇవ్వండి అని ఉందండీ," అన్నాడు పానకాలరావు.

జోజిబాబు మోకాలు పట్టుకుని కూర్చునే ఉన్నాడు. "కర్రతో కొట్టినోణ్ణి ఇలా ఇవ్వండి అని ఎవరంటారండీ? దెబ్బ తగిల్తే అమ్మే వచ్చుద్ది. నేననేది కాదండీ అది, అదే వచ్చేస్తంది."

"వచ్చేదాన్ని నియంత్రించడానికే కదయ్యా మండలి ఉంది."

అత్యవసర సమావేశం పెట్టారు. జోజిబాబుకి కట్టు కట్టించాలన్న విషయం ఇతర అంశాల కింద చేర్చారు. చివరికి ఉత్తర్వు వెలువడింది. దెబ్బ తిన్న నటుడు పెదవితో "అమ్మా" అనుటకు మానవతా దృక్పథంతో అనుమతించడమైనది. అయితే ప్రేక్షకుని చెవికి మాత్రము "నాన్నా" అని వినిపించవలెను. అలా సినిమా అంతటా తన్నులు తిన్న ప్రతివాడూ నాన్నా నాన్నా అని ఏడిచాడు. ఏకాంబరం గారికి ఇది బాగా నచ్చింది. ఎప్పుడూ తల్లినేనా పిలవడం, తండ్రి మాత్రం ఏం పాపం చేశాడు అన్నారు.

తర్వాత నిపుణుల్లో ఒకాయనకి ఇంకో లక్షణం జ్ఞాపకం వచ్చింది. పాత ప్రింట్లలో మధ్యలో సీన్లు మాయమైపోయేవి. హీరో నది ఒడ్డున ఉండేవాడు, రెప్పపాటులో నెత్తికి గుడ్డ కట్టుకుని గుర్రం మీద ఉండేవాడు. అది కూడా సంప్రదాయమే కాబట్టి మన సినిమాలోనూ ఒక సీను పోవాలి.

"రాయకుండా వదిలేస్తే సరిపోద్దిగా అండీ," అన్నాడు పానకాలరావు.

"లేని సీనును తొలగించినట్టు చూపిస్తే ఆడిటువారు ఒప్పుకోరు," అన్నారు ఉమాకాంతం గారు. "ముందు అది ఉండాలి. ఉన్నట్టు రుజువుండాలి. అప్పుడే పోగలదు."

కాబట్టి సీను రాయించి, రెండు ప్రతుల్లోనూ ఆమోదించి, సెట్టు వేసి తీశారు. గురువు చనిపోయే ముందు శిష్యుడి తలకి నూనె రాస్తూ మాట్లాడే ఘట్టం. పానకాలరావు తన తండ్రిని తలుచుకుని రాశాడు. ఇంత వరకూ ఎవడి పెదవులకో కొలిచి రాసిన మనిషి, మొదటిసారి తన మనసులో ఉన్నది రాశాడు. తెర మీద చూసి ఏకాంబరం గారు జేబురుమాలు తడిపేశారు.

"పంతులుగారూ, ఏం రాశారండీ. కడుపులో చెయ్యి పెట్టి దేవినట్టుంది. దీన్నే తీసేద్దాం."

"ఇదే ఎందుకండీ?"

"మా చిన్నప్పుడు కూడా మంచి సీన్లే పోయేయండీ."

ఆ రీలుని డబ్బాలో పెట్టి, సీలు వేసి, మండలి ఇనప్పెట్టెలో దాచారు. పానకాలరావు ఆ రాత్రి అన్నం సగంలో వదిలేశాడు. భ్రమరాంబ మజ్జిగ మాత్రం బలవంతాన తాగించింది.

ఇక మిగిలింది పేర్లు. చివరి సమావేశంలో ఏకాంబరం గారు కళ్లు మూసుకుని బాల్యంలోకి వెళ్లారు.

"దీపాలారిపోగానే తెర మీద గబగబా చైనా అక్షరాలు పడేవి. ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. అయినా ఈలలే ఈలలు. అయి పడకపోతే అది చైనా సినిమాయేనా?"

పానకాలరావుకి విషయం అర్థమైంది. "అంటే నా పేరు..."

"ఉంటుంది," అన్నారు ఉమాకాంతం గారు. "తెరపై వేయబడును అని రాసిచ్చాం, వేస్తున్నాం. ఏ లిపిలో అన్నది ఒప్పందంలో ప్రస్తావించబడలేదు. చదవగలిగేలా ఉండాలని కూడా ఎక్కడా లేదు."

చైనా అక్షరాలు రాసేవాళ్ల కోసం వెతికే తీరిక లేకపోయింది. ఏకాంబరం గారి ఫ్యాక్టరీకి చైనా నుంచి కొత్త ఐసు మిషను వచ్చింది. దాన్ని తెచ్చిన చెక్కపెట్టెల మీద కావలసినన్ని అక్షరాలున్నాయి. బొమ్మలు గీసేవాడు వాటిని అందంగా దించేసి, ఎవరి పేరుకి ఎంత పొడవు కావాలో అంత ముక్క కోసి ఇచ్చాడు.

ఈ సంగతి భ్రమరాంబకి ఎలా చెప్పాలో పానకాలరావుకి తెలియలేదు. పాతికేళ్లు చైనా అక్షరాల్లో మొగుడి పేరు వెతుక్కున్న మనిషి. మళ్లీ వాటిలోనే వెతుక్కోమని చెప్పాలి. బస్టాండు దాకా వచ్చినవాడు వెనక్కి తిరిగి, నేరుగా డబ్బింగు థియేటరుకి వెళ్లాడు. అక్కడ ఆఖరి రీలు పని నడుస్తోంది. క్లైమాక్సులో గురువు శత్రువుని నిలబెట్టి అనే మాట ఒక్కటే మిగిలింది. పెదవి ప్రతిలో "భోంచేశావా బాబూ" అని ఉంది. చెవి ప్రతిలో "ఇక నీ కథ సరి" అని ఉంది. పానకాలరావు చెవి ప్రతిలో ఆ వాక్యం కొట్టేసి, పెదవి మాటే మళ్లీ రాసి, గొంతు ఇచ్చే నటుడి చేతిలో పెట్టాడు.

"కలిసిపోద్దేమో గురువుగారూ," అన్నాడతను.

"కలవనీ."

పేరు ఎట్టాగూ నాది కాదు, మాట ఒక్కటన్నా నాదిగా ఉండనీ అనుకున్నాడు. జీవితంలో ఆయన చేసిన తిరుగుబాటు అదొక్కటే. ఇంటికెళ్లాక పేరు పడుతుందా అని భ్రమరాంబ అడిగితే, పడుతుందనే చెప్పాడు. పెదవి ఒకటీ మాట ఒకటీ కావడం ఆయనక్కూడా కాస్త అలవాటయింది.

సినిమా పాత హాల్లోనే ఆడాలి, పాత మిషను మీదే ఆడాలి అని నివేదికలో ఉండడం వల్ల ప్రదర్శన తెనాలి వీరభద్రా టాకీసులో పెట్టారు. ఆ హాల్లో ఫ్యాన్ల దగ్గర నుంచి స్లైడు మిషను దాకా ఏదీ మార్చలేదు. సమయం లేక ఉమాకాంతం గారు ఆఖరి రీలు ఇంకా చూడలేదు. ఆ రోజు హాల్లోనే కూర్చుని, స్టాపువాచీతో సినిమా అంతా పరీక్షించి, పెదవీ మాటా ఎక్కడా కలవలేదని ఆట అయ్యేలోగా విసంవాద ధ్రువపత్రం మీద సంతకం పెట్టాలి. రేవు పట్టణం తరపున శ్రీమతి లిన్ అనే పెద్దావిడ వచ్చింది. నెరిసిన జుట్టు, నెమ్మదైన మనిషి. ఆవిడ పక్కన కూర్చుని ఇంగ్లీషులో వివరించాల్సినాయన బస్సు తప్పిపోయి రాలేదు. రచయితకి కేటాయించిన సీటు ఆఖరి వరసలో స్తంభం పక్కన ఉంటే, మండలి గుమాస్తా ఒకడు వచ్చి, "మీకు మద్రాసు ఇంగ్లీషు వచ్చుగా సార్" అని పానకాలరావుని తీసుకెళ్లి ఆవిడ పక్కన కూర్చోబెట్టాడు. వెంట భ్రమరాంబ వచ్చి అవతలి సీట్లో కూర్చుంది. వాళ్ల వెనక సీట్లోనే శరభయ్య ఉన్నాడు.

దీపాలారాయి. చైనా అక్షరాలు పడ్డాయి, ముందు అధ్యక్షులవారి పేరని, తర్వాత ఉమాకాంతం గారి పేరని. ఏకాంబరం గారు రెండు వేళ్లు నోట్లో పెట్టుకుని ఈల వేశారు.

"మీదెప్పుడు పడుద్ది?" అంది భ్రమరాంబ చిన్నగా.

పానకాలరావు కార్డులు లెక్కపెడుతున్నాడు. అయిదో కార్డు పడినప్పుడు, ఇదేనన్నట్టు తెర వంక చూపించాడు. ఆవిడ ఆ అక్షరాల్ని చాలాసేపు చూసింది. "ఇదా," అంది అంతే.

లిన్ గారు నవ్వు ఆపుకుంటోంది. పానకాలరావు ఆమె వైపు వంగి ఇంగ్లీషులో అడిగాడు. "అందులో ఏముందండీ?"

ఆవిడ కాస్త మొహమాటపడింది. "మొదటి కార్డులో, ఖాళీ పెట్టె, తిరిగి పంపనవసరం లేదు అని ఉంది. రెండోదాంట్లో, తలకిందులు చేయరాదు అని ఉంది."

"ఇప్పుడు పడింది?"

"పెళుసు సరుకు. మెల్లగా దించవలెను."

ఆ మాట పానకాలరావు తెలుగు చేసి భార్యకి చెప్పలేదు. కళ్లు చెమ్మగిల్లితే కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

సినిమా నడిచింది. హీరో పెదవులు మంచినీళ్లిస్తున్నాయి, గొంతు చంపుతానంటోంది. తన్నులు తిన్నవాళ్లు నాన్నా అంటున్నారు. జనం ముందు నవ్వారు, తర్వాత ఆవలించారు. లిన్ గారు ఏకాంబరం గారి వైపు తిరిగి, సౌండు మిషను పాడైనట్టుంది, బాగు చేయించండి అన్నట్టు చెవి చూపించి సైగ చేసింది. పానకాలరావు దాన్ని తెలుగు చేసి చెప్పాడు.

"పాడవలేదని చెప్పండి. అదే వాళ్ల సంప్రదాయం." పానకాలరావు ఆ మాట ఆవిడకి చెప్పి, మళ్లీ ఇటు తిరిగాడు.

"వాళ్ల దగ్గర రెండూ కలిసే ఉంటాయంటున్నారండీ."

ఏకాంబరం గారు జాలిగా నవ్వారు. "మర్చిపోయారు పాపం. అందుకేగా మనం బతికిస్తంది."

ఆఖరి రీలు వచ్చింది. ముసలి గురువు శత్రువుని ఎదురుగా నిలబెట్టి గడ్డం దువ్వుకున్నాడు. పెదవులు మూడుసార్లు మూతపడ్డాయి. "భోంచేశావా బాబూ?" పెదవీ మాటా ఒకటయ్యాయి. అప్పటిదాకా నిద్ర ఆపుకుంటున్న జనం ఒక్కసారి లేచి కూర్చున్నారు. నేల తరగతి నుంచి బాల్కనీ దాకా ఈలలు. ఏకాంబరం గారు కూడా నిబంధన మర్చిపోయి చప్పట్లు కొట్టారు.

"ఏమన్నాడాయన?" అంది లిన్ గారు.

పానకాలరావు చెప్పాడు.

ఆవిడ మొహం మారిపోయింది. "మా పెద్దవాళ్లు ఎదురైతే అడిగే మాట అదే. బాగున్నావా అనరు, అన్నం తిన్నావా అంటారు. మా అమ్మ కూడా అదే అనేది. ఇంత సినిమాలో మాది ఇదొక్కటే. మీకు మా భాష వచ్చా?"

"రాదండీ. మా ఆవిడ అడుగుతుంది," అని పానకాలరావు పక్కకి చూపించాడు. ఏమంటున్నారో తెలియకపోయినా భ్రమరాంబ లిన్ గారికి నమస్కారం పెట్టింది.

అక్కడ ఉమాకాంతం గారికి ముచ్చెమటలు పోశాయి. సినిమా అంతా శుభ్రంగా ఉండి, ఆఖర్న పెదవీ మాటా కలిసిపోయాయి. ఆట అయిపోయేలోగా రచయిత చేత, ఇది పొరపాటున జరిగింది అని రాయించుకోకపోతే ధ్రువపత్రం లేదు, పునరుజ్జీవనం లేదు. టార్చిలైటు పట్టుకుని స్తంభం పక్కకి పరిగెత్తారు. సీటు ఖాళీగా ఉంది. రచయిత అతిథుల్లో ఉంటాడని తోచక, తక్కిన వరసలన్నీ చీకట్లో వెతికారు, జనం మొహాల మీద లైటు వేసి తిట్లు తిన్నారు. చివరికి మేనేజరు గదిలోకి వెళ్లి, "ఆయన ఎక్కడున్నా తక్షణం పిలిపించండి" అని ఉత్తర్వు ఇచ్చారు.

మనిషిని పిలిపించడానికి వీరభద్రా టాకీసులో ఉన్న పద్ధతి ఒక్కటే. ఆపరేటరు గాజుపలకకి మసి పూసి, సూదితో గీకి, మిషనులో పెట్టాడు.

కొట్లాట మీద, గురువు గడ్డం మీద, తెర ఈ చివరి నుంచి ఆ చివరి దాకా తెల్లటి తెలుగు అక్షరాలు పడ్డాయి.

"ఈ సినిమా రచయిత శ్రీ చిట్టూరి పానకాలరావు గారు ఎక్కడున్నా వెంటనే మేనేజరు గదికి రావలెను."

జనం చదివారు. చదవడం వచ్చినవాళ్లు రానివాళ్లకి పైకి చదివి చెప్పారు. భోంచేశావా బాబూ రాసింది ఈయనేనంట అని ఎవరో అన్నారు, హాలంతా చప్పట్లు మొదలయ్యాయి. లిన్ గారు అక్షరాల వంకా పానకాలరావు వంకా చూసి, అడక్కుండానే అర్థం చేసుకుని తనూ చప్పట్లు కొట్టింది. వెనక సీట్లో శరభయ్య గొంతు సవరించుకున్నాడు. ఆయనే ముందుకి వంగి, "అన్నయ్యా, నిన్నే పిలుస్తన్నారు, లే," అన్నాడు.

ఎవరు పిలిచినా వెంటనే లేచి వెళ్లడం పానకాలరావుకి అలవాటు. సీటు చేతుల మీద బరువు ఆనించి సగం లేచాడు. భ్రమరాంబ ఆయన చొక్కా చెయ్యి పట్టుకుని కిందికి లాగింది. చూపు మాత్రం తెర మీద నుంచి తిప్పలేదు.

"కూర్చోండి," అంది. "మీరు వెళ్తే అది తీసేస్తారు."